కాలానికి సొంత ఇల్లు లేదు

మా ఇంట్లో మాట్లాడేది ఉర్దూ, నేను చదివేది తెలుగు. బడి ఏడో తరగతితోనే ఆగిపోయింది. అక్కడి నుంచి నాన్న దర్జీ దుకాణంలో కుట్టుమిషన్ ముందు కూర్చున్నాను. మధ్యాహ్నం గిరాకీ లేని వేళ గ్రంథాలయానికి పోయేవాణ్ని. మొదట్లో పేపర్ కోసం, తర్వాత ఫ్యాను గాలి కోసం, ఆ తర్వాత పుస్తకాల కోసం. ఒక చివర మొదలుపెట్టి అర తర్వాత అర చదువుకుంటూ పోయాను. వైద్యం, వేదాంతం, ఖగోళం, కోళ్ల పెంపకం, దేన్నీ వదల్లేదు. డిగ్రీలు చదివినవాళ్లు ప్యాంటు కొలతలివ్వడానికి వచ్చినప్పుడు మాటల్లో ఏదో ఒక సంగతి తీసి వాళ్ల ముఖం చూసేవాణ్ని. వాళ్లకు తెలియదని తేలితే ఆ పూట నాకు అన్నం రుచిగా ఉండేది.

నా కిడ్నీలు రెండూ పనిచేయడం మానేశాక ఆ చదువంతా నాతోపాటు దవాఖానకు వచ్చింది. వారానికి మూడుసార్లు డయాలసిస్, మిషన్ మీద నాలుగేసి గంటలు. చేతికి రెండు సూదులు గుచ్చుతారు. ఒకదాన్లోంచి రక్తం బయటికి పోయి, మిషన్‌లో శుభ్రపడి, రెండోదాన్లోంచి తిరిగి వస్తుంది. ఒంట్లో చేరిన నీటిని కూడా మిషనే లాగేస్తుంది. మూత్రం రాని మనిషికి తాగిన ప్రతి గుక్కా లోపలే ఉండిపోతుంది కాబట్టి మాకు నీళ్లు కొలత మీదే. ఎండాకాలంలో కూడా రోజంతటికీ ఒక చిన్న సీసా. ఇంకా గొంతెండితే ఒక ఐసు ముక్క చప్పరించాలి. మా వాళ్లు రంజాన్ నెలలో చేసేది నేను ఏడాది పొడుగునా చేస్తున్నానని మా ఆవిడతో అంటే ఆమె నవ్వేది కాదు.

నా పక్క మంచం ఆయనను అందరూ పటేల్ అని పిలిచేవాళ్లు. రామాయంపేట పోయే దారిలో వాళ్ల ఊరు. మొదట భూములు, తర్వాత రైస్ మిల్లు, మధ్యలో కొంత రాజకీయం. కొన్నాళ్లు హైదరాబాద్‌లో పెద్ద ఆసుపత్రికి తిరిగి, ఆ రోడ్డుకే సగం ప్రాణం పోతోందని మెదక్‌కు మారాడు. వాళ్ల నాన్నకు మా నాన్న బట్టలు కుట్టేవాడు. వాళ్లింటికి పోయినప్పుడు అరుగు కింద నిలబడి చేతులు పైకి చాచి కొలతలు తీసుకునేవాడు. ఇప్పుడు మేమిద్దరం ఒకే ఎత్తు మంచాల మీద పక్కపక్కన పడుకున్నాం. ఆ సంగతి ఆయనకూ తెలుసు, నాకూ తెలుసు. ఎప్పుడూ మాట్లాడుకోలేదు.

ఆయన మంచానికి సరిగ్గా ఎదురుగా గోడ గడియారం ఉండేది. సూదులు గుచ్చిన క్షణం నుంచి ఆయన చూపు దాని మీదే.

"ఏం మియా, గా గడియారం సచ్చిందా ఏంది? జర చూడు."

"నడుస్తనే ఉంది పటేలా."

"నడుస్తుందా, కూసున్నదా? ఇందాక పదింబావు. ఇప్పుడు గుడ పదింబావే."

"మీరు గంత గుడ్లురిమి చూస్తే అదేం కదుల్తది? భయపడ్డది."

నవ్వడమైతే నవ్వేవాడు. కానీ రెండో గంట దాటేసరికి ఆ నవ్వు పోయేది. పిక్కలు పట్టేసేవి. చేయి కదిలించకూడదు, కాలు ముడవకూడదు. "పీకుండ్రి సూదులు, నేను పోత" అని అరిచేవాడు. సిస్టర్ బతిమాలేది. బయట బెంచీ మీద కూర్చున్న వాళ్లింటావిడ ఆ అరుపు వినగానే లేచి తలుపు దగ్గరికి వచ్చి నిలబడేది. ఒకసారి నిజంగానే సగంలో దిగిపోయాడు. ఆ రాత్రంతా దగ్గుతూ కూర్చున్నాడట.

మరుసటిసారి ఆమె నా మంచం దగ్గరికి వచ్చింది. "అన్నా, పక్కపొంటే ఉంటవు. జర నువ్వు చెప్పు. నా మాట ఇంటలేడు. ఇగ రాను అంటుండు."

నా దగ్గర చెప్పడానికి ఒక శాస్త్రమే ఉంది. దాన్ని నేను మిషన్ మీద పడుకునే కట్టుకున్నాను. వెలుగుకు కన్ను ఉంది, శబ్దానికి చెవి ఉంది, కాలానికి మాత్రం శరీరంలో ఏ అవయవమూ లేదు. ఈ సంగతి గ్రంథాలయంలో వైద్యం అరకూ వేదాంతం అరకూ మధ్య నిలబడి ఉన్నప్పుడు నాకు తట్టింది. రెండు అరల్లోనూ వెతికాను. ఎవరూ దాని గురించి నాకు కావలసినంత చెప్పలేదు. అందుకని నేనే తేల్చుకున్నాను: కాలానికి సొంత ఇల్లు లేదు. అది మన ఐదు ఇంద్రియాల్లో కిరాయికి ఉంటుంది. ఏ ఇంట్లో ఉంటే ఆ ఇంటి నడకే దానిది.

కన్ను అన్నింటికంటే మెల్లగా నడిచే ఇల్లు. చూస్తున్నంతసేపూ కాలం కదలదు. చెవి నయం, ఎందుకంటే చెవికి మార్పు కావాలి. కుట్టుమిషన్‌లో కండె దారం అయిపోవడానికి ముందు దాని చప్పుడు పలచబడుతుంది. ఆ చప్పుడు కోసం చెవి పెట్టుకుని కూర్చుంటే పూటకు పూట గడిచిపోవడం నాకు తెలుసు. చర్మానికి వేడీ చలీ తెలుసు. బయట తిరిగి వచ్చిన రక్తం చల్లబడి ఉంటుంది కాబట్టి మిషన్ మీద మూడో గంటలో వణుకు మొదలవుతుంది. ఆ వణుకు వచ్చిందంటే ఇక ఎక్కువ మిగల్లేదని లెక్క. ముక్కుకు ముందుకు నడవడమే రాదు, వెనక్కే పోతుంది. ఇస్త్రీ పెట్టె కింద తడి బట్ట వాసన వస్తే నేను పదేళ్ల పిల్లవాణ్ని.

నేను చెప్పిందంతా విని "గీ శాస్త్రానికి పేరుందా?" అని అడిగాడు పటేల్.

"ఇంద్రియ కాల విజ్ఞానం" అన్నాను. చాలా రోజుల కింద పెట్టుకున్న పేరే. పైకి చెప్పడం అదే మొదలు.

"గింత పొడుగు పేరు మా ఎమ్మెల్యేకు గుడ లేదు."

"నవ్వుండ్రి. కానీ ఒక్కపారి కండ్లకు తువ్వాల కట్టుకోని చూడుండ్రి. మీ టైమంత కండ్లల్ల కిరాయికున్నది. ఖాళీ చేయించుండ్రి."

"కండ్లు కిరాయి బాగ పెంచినయి మియా" అని తువ్వాల తీసుకున్నాడు.

ఆ రోజు నుంచి నేను ఆయనకు నేర్పాను. మిషన్ పంపు తిరిగే చప్పుడులో ఒక తాళం ఉంది, దాన్ని పట్టుకోమన్నాను. సూదులు లేని చేతి వేళ్లతో దుప్పటి అంచు కుట్టును తడుముతూ పొమ్మన్నాను. వణుకు వచ్చినప్పుడు తిట్టుకోకుండా దాన్ని పలకరించమన్నాను. నాలుక సంగతి మాత్రం నేను నేర్పనక్కర్లేదు, అది మా వార్డులో అందరికీ తెలిసిన ఆచారమే. మాకు టమాట, మామిడి, అరటిపండు, కొబ్బరినీళ్లు ఏవీ పనికిరావు, వాటిలోని పొటాషియం మా రక్తంలోనే పేరుకుపోతుంది. కానీ మిషన్ ఎక్కిన మొదటి గంటలో తిన్నదాన్ని మిషనే కడిగేస్తుందని మా నమ్మకం. డాక్టరు లేని సమయం చూసి మంచం మంచం మీదా టిఫిన్ గిన్నెలు తెరుచుకునేవి. ఇంటి దగ్గర రెండు రోజులు నోరు కట్టుకున్నవాళ్లంతా రక్తం బయట తిరుగుతుండగా మామిడి ముక్క నోట్లో పెట్టుకుని కళ్లు మూసుకునేవాళ్లు. పెళ్లి పంక్తిలో కూడా అంత నిశ్శబ్దంగా తినడం నేను చూడలేదు. పటేల్‌కు వాళ్లింటావిడ టమాట పప్పు తెచ్చేది. ఒక్కో ముద్దను ఎంతసేపు నాలుక మీద ఉంచగలడో చూడమన్నాను.

పనిచేసింది. నేను ఊహించినదానికంటే బాగా పనిచేసింది. వర్షాలు మొదలయ్యేనాటికి ఆయన తువ్వాల కట్టుకుని పడుకుంటే సిస్టర్ వచ్చి సూదులు తీసేదాకా ఉలుకూ పలుకూ ఉండేది కాదు. "అప్పుడే అయిపాయెనా?" అనేవాడు. వాళ్లింటావిడ నాకు రెండు చేతులూ ఎత్తి దండం పెట్టింది. "నీ పుణ్యమాని కొట్లాడకుంట కారెక్కుతుండన్నా" అంది. నా చదువుకు మెదక్‌లో ఎవరూ అట్లా దండం పెట్టలేదు. ఆ సాయంత్రం గ్రంథాలయానికి పోయి పుస్తకం ఏదీ తీయకుండానే కాసేపు కూర్చుని వచ్చాను.

చలికాలంలో ఒక రోజు ఆయన తువ్వాల కట్టుకోలేదు. గడియారం వైపు కూడా చూడలేదు. పైకప్పు చూస్తూ అన్నాడు.

"మియా, నీ శాస్త్రంల ఒకటి తక్కువుంది."

"ఏంది పటేలా?"

"టైం మాయం జేసుడు నేర్పినవ్. నాలుగు గంటలు మాయమైతున్నయ్, మంచిగనే ఉంది. కానీ ఇప్పుడు ఇంటికాడ గుడ అట్లనే మాయమైతున్నయ్. మిషన్ నాడు మిషన్ కింద పోతది. తెల్లారి అలుపు కింద పోతది. ఒక్కనాడు జర మంచిగుంటే, పొద్దుగాల కుర్చీల కూసుంట. కండ్లు తెరిస్తే పొద్దుగూకుతది. మనుమరాలు బడికి పోవుడు చూస్త, వచ్చుడు చూస్త. నడుమ ఏమైందంటే తెల్వదు. ఉన్నదే గింత. గది గుడ పోగొడితే ఎట్ల?"

నేను ఏదో చెప్పబోయాను. ఆయన వినలేదు.

"చిన్నప్పుడు కరెంటు కోసం బాయికాడ కూసుంటుంటి. ఎప్పుడొస్తదో తెల్వదు. గంటలు గంటలు. గా టైం ఎంత పొడుగు! అయినా కోపం రాకుండె. ఎందుకంటే చివరికి నీళ్లొస్తుండె. గిప్పుడు చివరికి నీళ్లు గుంజుకుంటుండ్రు."

చూపు నా వైపు తిప్పాడు. "మిషన్ బంద్ జేస్త. వారమో పది రోజులో ఉంటనంట కదా. గా వారం పొడుగ్గ ఉండేటట్టు నేర్పు. గంతే నాకు కావల్సింది."

నా శాస్త్రంలో దానికి జవాబు ఉంది, అదే ఇబ్బంది. కాలాన్ని పొడిగించడం నిజానికి సులువైన పాఠం. కొత్తదాన్ని తాకాలి, మెల్లగా తినాలి, ప్రతి చప్పుడూ ఎక్కడి నుంచి వస్తోందో వెతకాలి. కానీ ఆ జవాబు చెప్పడమంటే ఆయన చావుకు దారి చెప్పడమే. "పటేలా, ఎల్లుండి వస్తరు కదా" అని మాత్రం అన్నాను.

రాలేదు. పక్క మంచం మీద తెల్ల దుప్పటి మడత విప్పకుండా అట్లాగే ఉంది. ఆ తర్వాతిసారి కూడా రాలేదు. ఆ రోజు నేను మిషన్ దిగి చేతికి పట్టీ వేయించుకుంటుండగా వాళ్లింటావిడ ఫోన్ చేసింది. డాక్టరు ఫోన్ చేస్తే పెట్టేశాడట, కొడుకు ఏడ్చినా వినలేదట. "నువ్వు చెప్తే ఇంటడు. నీ మాటనే ఇంటడన్నా. జర రా."

మర్నాడు పొద్దు ఎక్కాక రామాయంపేట బస్సులో పోయాను. ఆయన వరండాలో మంచం మీద కాకుండా కుర్చీలో కూర్చుని ఉన్నాడు. మొహం ఉబ్బి నున్నగా మెరుస్తోంది. పాదాలు చెప్పుల్లో పట్టడం లేదు. కానీ అంత సంతోషంగా ఆయనను నేను ఎప్పుడూ చూడలేదు. పక్కన స్టూలు మీద ఇత్తడి చెంబు నిండా నీళ్లున్నాయి.

"రా మియా, కూసో. చూడు." చెంబు ఎత్తి గటగటా తాగాడు. గడ్డం మీద నుంచి నీళ్లు కారి బనియను తడిసింది. "దూప తీర తాగి రెండేండ్లాయె. నీళ్లకు గింత రుచుంటదని నీ పుస్తకాలల్ల రాసిండ్రా?"

నాకు నాలుక పిడచకట్టుకుపోయింది. ఆ చెంబు వైపు చూడకుండా కూర్చోవడానికి నేను పడిన కష్టం ఏ పుస్తకంలోనూ లేదు.

వాళ్లింటావిడ గడప లోపల నిలబడి నన్నే చూస్తోంది. నేను అడగాల్సింది అడిగాను. "పటేలా, కారు ఉంది. ఇప్పుడు పోతే పగటి బ్యాచ్‌ల ఎక్కిస్తరు. రాండ్రి."

"గా మాట చెప్పనీకి పిలిపించిందా నిన్ను?" అని లోపలికి చూసి కసిరాడు. "ఆమెకు నేను కావాలె. ఎట్లున్నా సరే కావాలె. నాకు ఒక్క పొద్దు కావాలె, పొద్దంత. నువ్వన్న నా తరఫున ఉండు."

ఆయన తరఫున ఉండాలో, ఆమె తరఫున ఉండాలో నాకు తేలలేదు. మరో రెండుసార్లు అడిగాను. రెండుసార్లూ తల అడ్డంగా ఊపాడు. లేచి వచ్చేస్తే ఆమె ముఖం ఎట్లా చూడాలో తెలియలేదు. ఉండిపోయాను. ఉన్నవాణ్ని ఊరికే ఉండలేక ఆయన అడిగింది చేశాను. మిల్లు నుంచి గుప్పెడు వడ్లు తెప్పించి దోసిట్లో పోశాను. ఒక్కొక్క గింజను వేళ్లతో ఒలిచాడు. దూరంగా ట్రాక్టర్ పోతుంటే అది మట్టి మీద ఉందో రోడ్డెక్కిందో చెప్పమన్నాను. ఎండ మొదట ఆయన మడమను, తర్వాత బొటనవేలును వదిలిపెట్టి అరుగు దిగింది. ఆ సంగతి ఆయనే నాకు చెప్పాడు. బడి నుంచి మనుమరాలు వచ్చేసరికి "ఇంకా గింత పొద్దున్నదా?" అని ఆశ్చర్యపోయాడు. ఆ పగలు నిజంగా పొడుగ్గా గడిచింది. నేను అబద్ధం చెప్పడం లేదు.

పిల్ల తెచ్చిన బిస్కెట్ తింటూ ఆయన ఒకసారి దగ్గాడు. మళ్లీ దగ్గాడు. కుర్చీలో వెనక్కి ఒరగబోయి ఒరగలేక ముందుకు వంగాడు. తర్వాత జరిగినదానికి నేను సిద్ధంగా లేను. ఎన్ని పుస్తకాలు చదివి ఉన్నా సిద్ధంగా లేను. ఛాతీలో నీళ్లు కదులుతున్న చప్పుడు, హుక్కాలో గురగురలాంటి చప్పుడు, పక్కన కూర్చున్న నాకు వినిపించింది. నోరు తెరిచి గాలి కోసం కొట్టుకుంటున్నాడు. పెదవులు రంగు మారాయి. కళ్లు నా వైపు తిరిగాయి. అందులో పటేల్ లేడు, ఒక భయం మాత్రం ఉంది.

"అయ్యో, ఎట్ల జేస్తవయ్యా..." వాళ్లింటావిడ పరుగెత్తుకొచ్చింది. ఆయన ఆమె చీర చెంగు పట్టుకున్నాడు. "కారు" అన్నాడు. ఇంకో ఊపిరి తీసుకుని "మిషన్" అన్నాడు.

కారులో పడుకోలేకపోయాడు. ముందు సీటును రెండు చేతులతో కావలించుకుని కూర్చున్నాడు. నేను ఒకవైపు, ఆమె ఒకవైపు పట్టుకున్నాం. ప్రతి ఊపిరికీ వీపు మొత్తం లేచి పడుతోంది. ఊపిరి గురించి నేను ఏమీ ఆలోచించి ఉండలేదు. కన్నూ చెవీ ముక్కూ నాలుకా అని పేర్లు పెట్టుకుంటూ పోయాను గాని, ఊపిరి అందకపోతే మనిషికి పొడుగూ పొట్టీ ఏదీ ఉండదని, ఈ ఒక్క ఊపిరి, మళ్లీ ఈ ఒక్క ఊపిరి తప్ప ఇంకేమీ మిగలదని నాకు తెలియదు. వారం పొడుగ్గా కావాలన్న మనిషికి మెదక్ తొందరగా రావాలి, అంతే కావాలి. డ్రైవర్‌ను "ఉరుకు, ఉరుకు" అంటూ ఆమె మోకాలు గుద్దుకుంటోంది. నేను ఆయన వీపు రాస్తూ కూర్చున్నాను. నా దగ్గర ఆయనకు చెప్పడానికి ఏ పాఠమూ లేదు.

దారిలోనే దవాఖానకు ఫోన్ చేసినందుకు మిషన్ ఖాళీగా ఉంచారు. కూర్చోబెట్టే ఎక్కించారు. ఆక్సిజన్ పెట్టారు. "చెయ్యి కదిలించకుండ్రి పటేల్ సాబ్, సూది జరుగుతది" అని సిస్టర్ అంటుంటే చిన్నపిల్లాడిలా తల ఊపాడు. పైపులో రక్తం తిరగడం మొదలయ్యాక చాలాసేపటికి ఆ గురగుర తగ్గింది. భుజాలు కిందికి దిగాయి. వాళ్లింటావిడ బయట బెంచీ మీద కొంగు నోట్లో కుక్కుకుని కూర్చుంది. ఆమెకు టీ ఇప్పిస్తే తాగలేదు, చల్లారిపోయింది.

నేను ఆయన పక్కన స్టూలు వేసుకుని కూర్చున్నాను. తప్పు నాదని ఆయన అనలేదు, తనదని కూడా అనలేదు. ఒకసారి మాత్రం కళ్లు తెరిచి, "నవ్వుతరు మియా, నన్ను చూసి అందరు నవ్వుతరు" అన్నాడు.

"ఎవలు నవ్వుతరు పటేలా? ఈడ ఉన్నోళ్లందరు రేపు గిట్లనే వచ్చెటోళ్లే."

ఆయన ముఖం గోడ వైపు తిప్పుకున్నాడు. చెవి పక్క నుంచి నీళ్లు కారి దిండులోకి ఇంకాయి. అవి మాత్రం మిషన్ లాగినవి కావు.

అయిపోయాక సిస్టర్ సూదులు తీసి దూది అదిమిపెట్టి, నా చేతి వేళ్లను తెచ్చి దాని మీద పెట్టింది, గట్టిగా పట్టుకోమని. పట్టుకున్నాను. దూది కింద నరం బుసబుసలాడుతోంది. ఆమె గోడకున్న బ్యాచ్‌ల పట్టిక దగ్గరికి పోయి పెన్ను తీసింది.

"పటేల్ సాబ్, ఎల్లుండి పొద్దుగాల బ్యాచ్‌ల రాయాల్నా, పగటి బ్యాచ్‌లనా?"

సిస్టర్ పెన్ను పట్టుకుని అట్లాగే నిలబడింది. వాళ్లింటావిడ తలుపు దగ్గరికి వచ్చి చూస్తోంది. నేను నోరు తెరవలేదు, వేళ్ల పట్టు కూడా సడలించలేదు.

"పొద్దుగాల" అన్నాడు పటేల్.